సమానమైతే కప్పు ఎవరిది?



చాలా ఏళ్ళ కిందటి సంక్రాంతి. విజయనగరం నుంచి బస్సులో అరగంట వెళ్తే వచ్చే ఒక పల్లెటూరు. కోతలైపోయిన మడిని దిమ్మిసతో చదును చేసి, ముగ్గుపిండితో గీతలు గీశారు. కబడ్డీ ఫైనలు. బడిలో పిల్లలకి ఆటలు నేర్పే ఉద్యోగం నాది కనక చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు విజిలు వెయ్యడానికి నన్ను పిలిచేవారు. ఆరోజు చివరి కూత అయ్యేసరికి బోర్డు మీద సుద్దముక్కతో రాసిన అంకెలు రెండు పక్కలా ఒకటే. 21, 21. విజిలు వేశాను. జనం నావేపు చూశారు. నేను కమిటీవేపు చూశాను. కమిటీవాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

కమిటీ పెద్దాయన జేబులోంచి రూపాయి బిళ్ళ తీశాడు. "బొమ్మా బొరుసా ఏసేద్దుము. ఎవుల అదురుష్టం ఆల్దే" అన్నాడు. ఒక జట్టు సరేనంది. రెండో జట్టు కెప్టెను మోకాలికి అంటిన మట్టి దులుపుకుంటూ లేచాడు. "పొద్దుట్నుంచి ఒళ్ళు హూనం చేసుకున్నాం. ఇప్పుడు బిళ్ళకి దండమెట్టమంటావేటి మావా?" అన్నాడు. మాటామాటా పెరిగింది. చీకటి పడింది. కప్పు ఆ ఏడాది ఎవరికీ ఇవ్వలేదు. కమిటీలో ఒకాయన ఇంట్లో బియ్యం డబ్బా పక్కన ఉండిపోయింది. ఆ తర్వాత రెండేళ్ళు ఆ రెండూళ్ళ కుర్రాళ్ళూ ఒకరి తీర్థానికి ఒకరు వెళ్ళలేదు.

ఆ కుర్రాడు అడిగింది న్యాయమైన ప్రశ్న. ఆటలో సమానంగా నిలిచినవాళ్ళని ఆటకు సంబంధం లేని దానితో ఎలా విడదీస్తారు? ఈ ప్రశ్న ఆ మడిలో మొదలైంది కాదు. ఒలింపిక్స్ వేదిక మీదా, లార్డ్స్ మైదానంలోనూ పెద్దపెద్దవాళ్ళని తికమక పెట్టింది. దీనికి వాళ్ళు చెప్పుకున్న జవాబునే టై బ్రేకర్ అంటున్నాం. ఈ పూట దాని గురించి మాట్లాడుకుందాం.

మామూలు లీగ్ ఆటలో సమానమైతే పెద్ద చిక్కేమీ లేదు. చెరో పాయింటు పంచుకుని ఇంటికి వెళ్ళిపోవచ్చు. ప్లేఆఫ్‌లో, నాకౌట్‌లో అది కుదరదు. అక్కడినుంచి ముందుకు వెళ్ళే దారి ఒకరికే సరిపోతుంది. ఇద్దరిలో ఒకరిని ఆపాలి. ఎవరిని ఆపాలో చెప్పే మాట ముందే రాసి ఉండాలి.

ముందు మన శ్రీకాకుళం జిల్లా సంగతి చెప్తాను. ఆమదాలవలస దగ్గర ఊసవానిపేట. అక్కడ నీలంశెట్టి అప్పన్న గారి దగ్గర బరువులెత్తడం నేర్చుకున్న అమ్మాయి కరణం మల్లీశ్వరి. 1994లోనూ 1995లోనూ ప్రపంచ చాంపియన్. 2000 సెప్టెంబరు 19న సిడ్నీ ఒలింపిక్స్‌లో 69 కిలోల విభాగంలో స్నాచ్‌లో 110, క్లీన్ అండ్ జెర్క్‌లో 130, మొత్తం 240 కిలోలెత్తి కాంస్యం తెచ్చింది. ఒలింపిక్ పతకం అందుకున్న మొదటి భారతీయ మహిళ మన ఉత్తరాంధ్ర గడ్డ మీద పెరిగిన పిల్ల. ఇంతవరకూ అందరికీ తెలుసు. ఆ రోజు ఆమెకి పైనున్న రెండు మెట్ల మీద ఏం జరిగిందో చాలామందికి తెలీదు.

చైనా అమ్మాయి లిన్ వీనింగ్ ఎత్తినది 242.5 కిలోలు. హంగేరీ అమ్మాయి ఎర్జెబెత్ మార్కుష్ ఎత్తినదీ 242.5 కిలోలే. లిన్ స్నాచ్‌లో 110, జెర్క్‌లో 132.5 ఎత్తింది. మార్కుష్ స్నాచ్‌లో 112.5, జెర్క్‌లో 130 ఎత్తింది. మొత్తం కూడితే అణువంత తేడా లేదు. స్వర్ణం లిన్‌కి ఇచ్చారు, రజతం మార్కుష్‌కి. ఎందుకంటే లిన్ ఒంటి బరువు తక్కువ.

అప్పటి నియమం అది. పోటీకి రెండు గంటల ముందు బరువు చూడడం మొదలుపెడతారు, గంటసేపు చూస్తారు. ఆ కాటా మీద పడిన అంకె కాగితం మీదకెక్కుతుంది. ఇద్దరూ సమానంగా ఎత్తితే, తక్కువ ఒళ్ళున్నవాళ్ళు గెలిచినట్టు. పైకి చూస్తే ఇందులో న్యాయం ఉంది. చిన్న ఎద్దు పెద్ద ఎద్దుతో సమానంగా బండి లాగితే చిన్న ఎద్దునే కదా మనం మెచ్చుకుంటాం. కానీ దీనివల్ల ఏమయిందో చూడండి. పతకం సంగతి వేదిక మీద బారు దగ్గర తేలకుండా, అంతకుముందే బరువు చూసే గదిలో తేలిపోయే వీలు వచ్చింది. గుక్కెడు నీళ్ళు తాగకుండా, ముద్ద అన్నం తినకుండా కాటా ఎక్కితే, సమానమైన చోట పైచెయ్యి. క్రీడాకారులు గ్రాముల లెక్క చూసుకుని ఒళ్ళు ఎండబెట్టుకునేవారు. బరువులెత్తే పిల్లకి అన్నం మీద భయం పెట్టే నియమం మంచిది కాదని నా గట్టి నమ్మకం.

ఇంకొక కారణం కూడా ఉంది. ఆ రోజుల్లో బారు మీద బరువు రెండున్నర కిలోల చొప్పునే పెరిగేది. 110 తర్వాత 112.5, ఆ తర్వాత 115. మధ్యలో మెట్టు లేదు. మెట్లు అంత దూరదూరంగా ఉంటే ఇద్దరు ముగ్గురు ఒకే మెట్టు మీద నిలబడిపోవడం మామూలే. 2005 నుంచి ఒక్కొక్క కిలో పెంచుకోవచ్చన్నారు. దాంతో సమానమయ్యే సందర్భాలు కొంత తగ్గాయి. అంటే కొన్నిసార్లు టై బ్రేకర్ కంటే ముందు మన కొలబద్దనే సరిచూసుకోవాలి.

మల్లీశ్వరి దగ్గరికి మళ్ళీ వద్దాం. జెర్క్‌లో 130 ఎత్తాక ఆమెకి ఇంకొక్క ప్రయత్నం మిగిలింది. 132.5 పెట్టించి ఎత్తితే మొత్తం 242.5 అయ్యేది. ముగ్గురూ ఒకేచోట నిలిచేవారు. అప్పుడు తీర్పు కాటాది. ఆమెకు పెట్టించింది 137.5. ఎత్తగలిగితే ఎవరి ఒంటి బరువుతోనూ నిమిత్తం లేకుండా స్వర్ణం నేరుగా మనదే. ఆ బరువు లేవలేదు. ఆ ఏడున్నర కిలోల గెంతు గురించి మన వైపు ఇప్పటికీ చర్చ నడుస్తూనే ఉంటుంది. నా మటుకు నాకు, సమానంతో సరిపెట్టుకోకుండా నేరుగా గెలుపుకే చెయ్యి చాపిన ఆ ప్రయత్నాన్ని తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు గగుర్పొడుస్తుంది.

2016లో రియోలో మగవాళ్ళ 77 కిలోల విభాగంలోనూ ఇదే కథ జరిగింది. చైనా వీరుడు లూ షియావోజున్ 379, కజకిస్తాన్ లిఫ్టర్ నిజాత్ రహిమోవ్ 379. రహిమోవ్ ఒంటి బరువు తక్కువ కనక స్వర్ణం అతనికిచ్చారు. తర్వాత డోపింగ్ కేసులో అతని పతకం తీసేశారు, అది వేరే సంగతి. 2017 నుంచి అంతర్జాతీయ సమాఖ్య ఒంటి బరువు నియమాన్ని ఎత్తేసింది. ఇప్పుడు ఆ మొత్తాన్ని ఎవరు ముందు అందుకుంటే వాళ్ళదే పైచెయ్యి. రెండోవాడు గెలవాలంటే బారు మీద ఇంకొక కిలో వేయించుకోవాలి. అంటే తగువు మళ్ళీ బారు దగ్గరికే వచ్చింది. నెల్లిమర్ల మండలం కొండవెలగాడలో పొద్దున్నే ఇనుప ప్లేట్ల చప్పుడుతో లేచే పిల్లలకి ఈ మార్పు మేలే చేసింది. 2014 గ్లాస్గో కామన్వెల్త్ క్రీడల్లో 53 కిలోల విభాగంలో పతకం తెచ్చిన మత్స సంతోషి ఆ ఊరి పిల్లే.

క్రికెట్‌కి వద్దాం. మన ఊరి పేరును క్రికెట్ చరిత్రకెక్కించిన విజ్జీ, అంటే విజయనగరం మహారాజకుమార్, 1936లో ఇంగ్లండు వెళ్ళిన భారత జట్టుకు కెప్టెన్. టెస్టు మ్యాచ్ డ్రా అయితే అప్పుడూ డ్రాయే, ఇప్పుడూ డ్రాయే. ఎవరికీ అభ్యంతరం లేదు. రంజీ ట్రోఫీ నాకౌట్‌లో మాత్రం ఎవరో ఒకరు ముందుకు వెళ్ళాలి కదా. అందుకని మొదటి ఇన్నింగ్స్‌లో ఎవరు ఎక్కువ పరుగులు చేస్తే వాళ్ళదే మ్యాచ్ అన్నారు. 2020 ఫిబ్రవరిలో ఒంగోలులో జరిగిన క్వార్టర్ ఫైనల్లో సౌరాష్ట్ర మొదటి ఇన్నింగ్స్ 419, మన ఆంధ్ర 136. మ్యాచ్ డ్రా అయింది, సౌరాష్ట్ర వెళ్ళిపోయింది. ఆ ఏడు ఫైనల్లోనూ అంతే. సౌరాష్ట్ర 425, బెంగాల్ 381. ఆ 44 పరుగుల ఆధిక్యమే కప్పు తెచ్చిపెట్టింది. ఈ నియమంలో ఒక కష్టం ఉంది. మొదటి ఇన్నింగ్స్ తేలగానే ఆధిక్యం దొరికిన జట్టుకు గెలవాలన్న తొందర పోతుంది. మిగిలిన రోజులు బ్యాటింగ్ చేస్తూ కూర్చుంటే చాలు. కానీ ఇది అందరికీ మొదటిరోజు పొద్దున్నే తెలిసిన నియమం. అందుకే దాని మీద అలకలు లేవు.

అలకలు వచ్చింది లార్డ్స్‌లో. 2019 జులై 14, ప్రపంచ కప్ ఫైనలు. న్యూజిలాండ్ 241, ఇంగ్లండ్ 241. చెరో ఓవరు ఆడే సూపర్ ఓవర్ పెట్టారు. అందులోనూ 15, 15. అప్పుడు బౌండరీలు లెక్కపెట్టారు. ఇంగ్లండ్‌వి 26, న్యూజిలాండ్‌వి 17. కప్పు ఇంగ్లండ్‌ది. ఫోరు కొట్టినా నాలుగే, పరుగెత్తి నాలుగు తీసినా నాలుగే అని ఆ ఆటే చెప్తుంది. ఆటలో సమానమైన వాటిని నియమం హఠాత్తుగా అసమానం చేసేసింది. వికెట్ల మధ్య పరుగెత్తి ఒక్కొక్క పరుగూ కూడబెట్టుకున్నవాడి కష్టానికి అక్కడ విలువ లేకపోయింది. మూడు నెలలకే ఐసీసీ ఆ నియమాన్ని తీసేసి, తేలేదాకా సూపర్ ఓవర్లు వేస్తూనే ఉండాలంది.

ఇప్పుడు మన సన్‌రైజర్స్ హైదరాబాద్ కథ వినండి. ఒక్క నియమం చేతిలో ఎంత ఉందో ఇంతకంటే బాగా చెప్పే ఉదాహరణ నాకు దొరకలేదు. 2020 ఐపీఎల్ గల్ఫ్‌లో జరిగింది. అక్టోబరు 18న అబూధాబీలో కోల్‌కతా 163, హైదరాబాద్ 163. సూపర్ ఓవర్లో లాకీ ఫెర్గూసన్ మనవాళ్ళ రెండు వికెట్లూ తీసి రెండు పరుగులకే మూసేశాడు. కోల్‌కతా గెలిచింది. అదే రోజు రాత్రి దుబాయ్‌లో ముంబయి, పంజాబ్ మ్యాచ్ కూడా సమానమై, సూపర్ ఓవర్ కూడా సమానమై, రెండో సూపర్ ఓవర్ దాకా నడిచింది. లార్డ్స్‌లో నేర్చుకున్న పాఠం ఆ రాత్రి పనికొచ్చింది.

లీగ్ దశ ముగిసేసరికి హైదరాబాద్, బెంగళూరు, కోల్‌కతా మూడింటికీ 14 పాయింట్లే. మిగిలినవి రెండు చోట్లు. నెట్ రన్ రేట్ చూశారు. హైదరాబాద్‌ది ప్లస్ 0.608. బెంగళూరుది మైనస్ 0.172. కోల్‌కతాది మైనస్ 0.214. కోల్‌కతా ఇంటికి వెళ్ళింది. మనవాళ్ళు మూడో స్థానంలో ప్లేఆఫ్‌కి చేరారు.

నెట్ రన్ రేట్ అంటే బ్రహ్మవిద్య కాదు. టోర్నీ మొత్తం మీద మనం ఓవరుకి ఎన్ని పరుగులు చేశామో చూసి, అందులోంచి ఓవరుకి ఎన్ని ఇచ్చామో తీసెయ్యడం. ఒక్క మెలిక గుర్తుంచుకోవాలి. పది వికెట్లూ పోయి ముందుగా ఆలౌట్ అయితే, ఆడిన ఓవర్లు కాక మొత్తం ఇరవై ఓవర్లూ లెక్కలోకి వస్తాయి. పదిహేను ఓవర్లకి 120 చేసి ఆలౌటైన జట్టుకి ఓవరుకి ఎనిమిది అని రాయరు, ఆరు అని రాస్తారు. భారీగా గెలిచినవాళ్ళకి, ఓడినా దగ్గరలో ఓడినవాళ్ళకి ఈ లెక్క మేలు చేస్తుంది. చివరి లీగ్ మ్యాచ్‌లో మనవాళ్ళు షార్జాలో ముంబయిని పది వికెట్ల తేడాతో కొట్టారు. అదీ ఆ ప్లస్‌లో ఉంది.

నియమం వేరే అయి ఉంటే? సమానమైన జట్లు ఒకదానితో ఒకటి ఆడిన ఆటలే చూడాలని కొన్ని పోటీల్లో ఉంది. ఫుట్‌బాల్‌లో చాలాచోట్ల ఇదే పద్ధతి. కాగితం మీద ఆ లెక్క వేసి చూశాను. ఈ మూడు జట్లూ తమలో తాము ఆడిన మ్యాచుల్లో బెంగళూరు మూడు గెలిచింది, కోల్‌కతా రెండు గెలిచింది, హైదరాబాద్ ఒక్కటే గెలిచింది. కోల్‌కతా మనవాళ్ళని రెండుసార్లూ ఓడించింది. ఆ నియమం ఉండి ఉంటే హైదరాబాద్ ఇంటికి, కోల్‌కతా ప్లేఆఫ్‌కి. ఒక్క పరుగూ మారదు, ఒక్క వికెట్టూ మారదు, వరస మొత్తం తిరగబడిపోతుంది. నేను సన్‌రైజర్స్ గెలవాలని కోరుకునేవాణ్ణే. అయినా కోల్‌కతా అభిమాని ఎవరైనా ఆ రోజు నా ఎదురుగా కూర్చుని ఉంటే అతనికి చెప్పగలిగిన సమాధానం ఒక్కటే. ఇది పాయింట్లు తేలాక రాసుకున్న నియమం కాదు బాబూ, మొదటి బంతి పడకముందే రాసి ఉంది, అందరం ఒప్పుకునే ఆడాం.

చదరంగం వాళ్ళు ఈ విషయంలో చాలా లోతుగా ఆలోచించారు. మన కోనేరు హంపి 2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ చాంపియన్ అయింది. బిడ్డ కోసం రెండేళ్ళు ఆటకి దూరంగా ఉండి తిరిగొచ్చిన కొత్తలో అది. పన్నెండు రౌండ్లయ్యేసరికి హంపికి, చైనా అమ్మాయి లెయ్ తింగ్‌జేకి, టర్కీ క్రీడాకారిణి ఎకతెరినా అతాలిక్‌కి తలో తొమ్మిది పాయింట్లు వచ్చాయి. ఎంత గట్టి ప్రత్యర్థులతో ఆడి ఆ పాయింట్లు తెచ్చుకున్నారో చూసే లెక్కలో అతాలిక్ మూడో స్థానంలో ఆగింది. మిగిలిన ఇద్దరికీ బ్లిట్జ్, అంటే ఇంకా తక్కువ సమయంలో ఆడే ఆటలు పెట్టారు. మొదటిది హంపి ఓడింది. రెండోది గెలిచి తీరాలి, గెలిచింది. అక్కడా సమానమే. చివరికి ఆర్మగెడాన్. అందులో తెల్లపావులవారికి సమయం ఎక్కువ, నల్లపావులవారికి తక్కువ. కానీ డ్రా అయితే నల్లపావులవారు గెలిచినట్టు. హంపి నల్లపావులతో డ్రా చేసి చాంపియన్ అయింది. చూశారా, చదరంగంలో డ్రాని తప్పించడం కష్టం కనక, ఆ డ్రానే ఒకరి చేతిలో ఆయుధంగా పెట్టి, బదులుగా వాళ్ళ సమయం కోసేశారు. ఇద్దరికీ బేరం సమానం. ఇదీ ఆలోచించి కట్టిన నియమం.

అదే హంపి 2025 జులైలో బతూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్లో దివ్యా దేశ్‌ముఖ్‌తో మామూలు ఆటలు రెండూ డ్రా చేసి, ర్యాపిడ్ టై బ్రేక్‌లో ఓడిపోయింది. టై బ్రేకర్‌తో గెలిచిన మనిషే టై బ్రేకర్‌తో ఓడింది. ఎక్కడా అన్యాయం అన్న మాట రాలేదు, ఎందుకంటే అక్కడ ఓడింది ఎత్తుల్లోనే.

రూపాయి బిళ్ళ మాట మొదట్లో చెప్పాను కదా. అది మన పల్లెటూళ్ళలోనే జరిగేదనుకోకండి. 1968 యూరోపియన్ ఫుట్‌బాల్ పోటీ సెమీఫైనల్లో ఇటలీ, సోవియట్ జట్లు ఎంతకీ తేలకపోతే బిళ్ళే ఎగరేశారు. ఇటలీ ఫైనల్‌కి వెళ్ళి కప్పు కూడా కొట్టింది. 1970లో పెనాల్టీ షూటౌట్ వచ్చాక ఆ బాధ తీరింది. 2022 మార్చి 20న గోవాలో ఐఎస్ఎల్ ఫైనల్లో హైదరాబాద్ ఎఫ్‌సీ, కేరళ బ్లాస్టర్స్ 1-1తో నిలిస్తే, షూటౌట్‌లో హైదరాబాద్ గోల్‌కీపర్ లక్ష్మీకాంత్ కట్టిమణి మూడు బంతులు ఆపి 3-1తో కప్పు తెచ్చాడు. షూటౌట్‌ని లాటరీ అనేవాళ్ళున్నారు. నేననను. బిళ్ళకి చేతులుండవు. కట్టిమణికి ఉన్నాయి.

కబడ్డీ దగ్గరికి తిరిగొస్తాను. ఆ సంక్రాంతి సాయంత్రం నాకు తెలియవలసింది ఇప్పుడు పిల్లలు కూడా చెప్పగలరు. 2025 ఆగస్టు 29న మన పక్కనే విశాఖపట్నంలో మొదలైన ప్రో కబడ్డీ పన్నెండో సీజన్లో లీగ్ మ్యాచులకి కూడా టై బ్రేకర్ పెట్టారు. రెండు జట్లూ ఏడుగురేసి ఆటగాళ్ళతో దిగుతాయి. వంతులవారీగా చెరో ఐదు కూతలు. ఐదు కూతలకీ ఐదుగురు వేరువేరు రైడర్లు వెళ్ళాలి. రైడరు దాటి తీరవలసిన బాక్ లైనునే బోనస్ గీతగా చూస్తారు. అవుటైనవాడు బయటికి వెళ్ళడు, పాయింటు మాత్రం రాసుకుంటారు. అక్కడా సమానమైతే గోల్డెన్ రైడ్, అంటే గెలుపు తేల్చే అదనపు కూత. దీనికి కావలసింది ఆ చదును చేసిన మడి, ఆ ముగ్గుపిండి గీతలు, ఆ పధ్నాలుగు మంది కుర్రాళ్ళు. ఖర్చు పైసా లేదు. పట్టుమని పది నిమిషాల పని. ఒక్క రైడర్ మీద ఆధారపడిన జట్టు ఇందులో నిలవదు, ఐదుగురు కూత పెట్టగల జట్టు నిలుస్తుంది. ఆ రోజు ఈ ఐదు కూతలూ పెట్టించి ఉంటే ఆ కప్పు బియ్యం డబ్బా పక్కన పడుండేది కాదు. ఆట మొదలయ్యే ముందు "సమానమైతే ఏం చేద్దాం?" అని అడగవలసింది రిఫరీగా నేను. అడగలేదు. ఆ తర్వాత విజిలు పట్టిన ఏ ఆటలోనూ ఆ మాట అడక్కుండా టాస్ వెయ్యలేదు.

మళ్ళీ సంక్రాంతి వస్తుంది. మన ఊళ్ళలో కబడ్డీ, వాలీబాల్, క్రికెట్ పోటీలు పెడతారు. ఎంట్రీ ఫీజు ఎంత, మొదటి బహుమతి ఎంత, భోజనం ఎవరింట్లో, అన్నీ కరపత్రంలో వేస్తారు. పోటీలు నడిపే కమిటీ పెద్దలకీ, బడుల్లో ఆటలు నేర్పే మాస్టార్లకీ నా మనవి ఒక్కటే. అదే కరపత్రంలో, బహుమతి అంకె కిందే, సమానమైతే ఏం చేస్తారో ఒక్క వాక్యం వెయ్యండి. టాస్‌కి ఇద్దరు కెప్టెన్లనీ పిలిచినప్పుడు ఆ వాక్యాన్ని మైకులో పైకి చదివి, ఇద్దరిచేతా సరేననిపించి, అప్పుడు బిళ్ళ ఎగరేయండి.